అది కళ, ఇది పెళ్లి

అన్నయ్య ఒంటినిండా మసి పూసుకుని గ్యాలరీ నడుమ స్టూలు మీద కూర్చున్నాడు. ఎండ తగిలితే రంగు తగ్గిపోతుందని గొడుగు లేనిదే గడప దాటని మనిషి. ఆ అరువు నలుపు చూసి తమ్ముడికి నవ్వొచ్చింది. తమ్ముడిది పుట్టుకతో వచ్చిన నలుపు. ఇంట్లో అతన్ని పేరు పెట్టి పిలిచినవాళ్లు లేరు, అందరికీ 'బొగ్గు'. ఆ బిరుదు ఇచ్చిందీ అన్నయ్యే.

అన్నయ్య చేసేది దేహకళట. తన ఒళ్లే పలకట. ఒంటిరంగు వల్లో, ప్రేమించిన తీరు వల్లో మాటలు పడ్డవాళ్లు వచ్చి, ఆ మాటల్ని సుద్దముక్కతో ఆ పలక మీద రాయాలి. ఆయన కళ్లు మూసుకుని భరిస్తాడు. చూడవచ్చినవాళ్లు చావింటికి వచ్చినట్టు ముఖాలు పెట్టుకుని గోడల వెంట నిలబడ్డారు.

తమ్ముడు దర్జీ. కొన్నేళ్లుగా ఒక వడ్రంగితో కాపురం ఉంటున్నాడు. ఆ సంగతి ఇంట్లో అందరికీ తెలుసు, ఎవరూ ఎత్తరు. కిందటి వారం చెల్లెలి పెళ్లి కబురు చెప్పడానికి అన్నయ్య ఫోన్ చేశాడు.

"ఒక్కడివే రా. అతన్ని వెంటేసుకొస్తే నలుగురిలో తలెత్తుకోలేం."

"అన్ని ప్రేమలూ ఒకటేనని పోస్టర్లు వేయించుకుంది నువ్వే కదా అన్నయ్యా?"

"అది కళరా. ఇది పెళ్లి."

ఆ మాట తమ్ముడి గుండెలో ముల్లై కూర్చుంది. అందుకే ఇవాళ వచ్చి వరసలో నిలబడ్డాడు. తన వంతు రాగానే, గుడ్డ మీద కొలత గీసినంత నిదానంగా, అన్నయ్య ఛాతీ మీద రాశాడు: 'చెల్లెలి పెళ్లికి ఒక్కడివే రా.'

నిర్వాహకురాలు గొంతు వణికించుకుంటూ దాన్ని పైకి చదివింది. అన్నయ్య కళ్లు తెరిచి తమ్ముణ్ణి చూశాడు. ముఖం పాలిపోయిందో లేదో మసిలో తెలియలేదు.

"ఎవరన్నారండీ ఇంత మాట?" అని అడిగిందావిడ.

తమ్ముడు నోరు విప్పేలోగా అన్నయ్యే అందుకున్నాడు. "సమాజం," అన్నాడు కళ్లనీళ్లతో.

"సమాజం కాదండీ, ఈయనే," అన్నాడు తమ్ముడు. "మా సొంత అన్నయ్య."

గదంతా చప్పట్లు మోగిపోయాయి. "ఎంత బాగా రాసుకున్నారో," అంటూ ఒక పెద్దాయన కళ్లు తుడుచుకున్నాడు.

జనం వెళ్లాక అన్నయ్య తడిగుడ్డతో ముఖం తుడుచుకుంటూ గుమ్మం దగ్గరికొచ్చాడు. తిడతాడనుకున్నాడు తమ్ముడు. తిడితే బాగుండేది. ఆయన భుజం తట్టాడు.

"బాగా పండిందిరా. రేపు కూడా రా. ఇదే రాయి."

సిగ్గు తెప్పిద్దామని తెచ్చిన మాట, సిగ్గులేనివాడికి నగ అయింది. తమ్ముడు చేతికంటిన సుద్ద దులుపుకున్నాడు.

"రేపు కుదరదు. పెళ్లికి రెండు చొక్కాలు కుట్టాలి. ఒకటి నాకు, ఒకటి ఆయనకి."

పెళ్లికి ఇద్దరూ వెళ్లారు. వాళ్లను చూడగానే అన్నయ్య, గోడకేదో చెప్పాల్సిన పని ఉన్నట్టు అటు తిరిగాడు. చెల్లెలు మాత్రం అందరి ముందూ ఎదురొచ్చి వడ్రంగి చేయి పట్టుకుంది.

"ఇంతకీ మిమ్మల్ని ఏమని పిలవాలి? బావా అననా, వదినా అననా?"

వడ్రంగి పందిట్లో వేస్తున్న విస్తళ్ల వైపు చూశాడు.

"ముందు భోజనానికి పిలువమ్మా. వరసల సంగతి తిన్నాక చూసుకుందాం."