లియాన్వి అంటే

పురిటిగదికి ఉన్నది ఒకటే కిటికీ. కిషన్‌బాగ్ గాలి బాలింతకు పడదని అత్తగారు కమల దాన్ని కూడా మూసేసి, సందుల్లో పాత బనియన్లు కుక్కింది. చెవుల్లో దూది, తలకు మఫ్లరు, మంచం కింద సాంబ్రాణి పొగ. నెల చూస్తే మే. ఇన్ని ఏర్పాట్ల మధ్య వేదశ్రీకి తనదంటూ మిగిలినవి రెండే: ఒడిలోని ఆడపిల్ల, ఆ పిల్లకు తను పెట్టుకున్న పేరు.

లియాన్వి.

ఎక్కడా వెతికింది కాదు. పాలిస్తూ ఏదో కూనిరాగం తీస్తుంటే నోట్లోంచి వచ్చింది. పిల్ల తాగడం ఆపి కళ్ళు తెరిచింది. అర్థం మాత్రం ఏమీ లేదు. వేదశ్రీకి నచ్చిందే అది. ఎవరూ కాపురముండని కొత్త ఇల్లులాంటి పేరు. గోడకు మేకు లేదు, మూలన మరక లేదు. తనకైతే పేరుతోపాటే పనీ పెట్టారు. ఏ పెళ్ళికి పోయినా "వేదశ్రీ అంట, ఒక శ్లోకం చెప్పు తల్లీ" అని విస్తరి ముందు నుంచి లేపేవాళ్ళు.

తల్లికి మోకాలి ఆపరేషన్ కావడంతో కాన్పు అత్తవారింట్లోనే జరిగింది. మామగారు శ్రీనివాసాచార్యులు గుళ్ళో అర్చకులు. పురుడు వచ్చిన ఇంటివాళ్ళు గర్భగుడిలోకి పోకూడదు కనుక గుడి వేరే అర్చకుడికి అప్పగించి, ముందుగదిలో కూర్చున్నారు. రోజూ తెల్లవారుజామున దేవుణ్ణి మేల్కొలిపే మనిషి. ఇప్పుడు లేపడానికి ఎవరూ లేక ఇంట్లోవాళ్ళ మీద పడ్డారు.

అలాంటి సమయంలో వేదశ్రీ మొగుడు అచ్యుత్ ఉప్మా తింటూ ఆ పేరు బయటపెట్టాడు.

"లియాన్వియా? ఏ ధాతువు నుంచి పుట్టింది?" అన్నారు ఆచార్యులు.

"తెల్వదు బాపు. వినడానికి బాగుందంటది."

"వినడానికి గంట కూడ బాగుంటది. పిల్లకు గంట అని పెడ్తమా?"

"పేరు ఫికర్ ఎవ్వరికి వద్దు," వంటింట్లోంచి కమల అంది. "అలివేలు. మా అత్తమ్మ పేరు. అయిపోయింది."

ఆ అలివేలమ్మగారు బతికినన్నాళ్ళూ కోడలు కమలను నిలబెట్టే మాట్లాడింది. ఇప్పుడామెను ఉయ్యాల్లో పడుకోబెట్టి, ఉగ్గు పట్టి, అవసరమైతే వీపు మీద ఒకటి అంటించే అవకాశాన్ని కమల వదులుకునేలా లేదు.

తలుపు ఇవతల వేదశ్రీకి అన్నీ వినబడుతూనే ఉన్నాయి. పోయి ఒక మాట అందామంటే గడప దాటకూడదు. కంచం కూడా గడప మీదే పెట్టి జరుగుతారు. ఉన్న ఆశ ఒక్కటే, మేనత్త. ఆ ఇంట్లో పేరు ముందుగా మేనత్తే పిల్ల చెవిలో మూడుసార్లు చెప్పాలి. ఆ తర్వాతే తండ్రి బియ్యంలో రాయాలి. చెవిలో పడిన పేరును తీయడానికి ఎవరికీ హక్కు లేదు.

పేరు పెట్టేది మర్నాడనగా, అచ్యుత్ అక్క గోదా గుడిమల్కాపూర్ నుంచి బుట్టెడు మల్లెలతో దిగి, గడప అవతల పీట వేసుకుని కూర్చుంది.

"అర్థం ఏంది వేదా?"

"లేదు వదినా."

"అస్సలే లేదా? దూరపు చుట్టరికం గిట్ల?"

"అస్సలే లేదు."

గోదా కొంతసేపు మల్లెమొగ్గలను వేళ్ళతో కదిపింది. "నాకు అమ్మవారి పేరు పెట్టిండ్రు. ఇంక పాడక ఏడికి పోతది అన్నరు. ధనుర్మాసం వచ్చిందంటే చలిల తానం చేపిచ్చి మైకు ముంగట కూసోబెట్టేది. నా గొంతు ఎట్లుంటదో నీకెర్కనే."

వేదశ్రీకి ఎరుకే. తన పెళ్ళిలో ఆ పాట మొదలవగానే పందిరి మీది పావురాలు లేచిపోయాయి.

"అత్తగారింటికి పోతే ఆడ గూడ మైకే తయారు పెట్టిండ్రు."

"మరి నువ్వే జెర మాట సాయం చెయ్యి వదినా. దీనికన్న ఏ పని చెప్పకుండ వదిలేద్దాం."

"అమ్మ సంగతి తెల్వదా నీకు?" అని గోదా లేచి వెళ్ళిపోయింది. అవునూ అనలేదు, కాదూ అనలేదు. వేదశ్రీ ఆ రాత్రి నిద్రపోలేదు.

పదకొండో రోజు స్నానమయ్యాక పిల్లతో పీట మీద కూర్చోబెట్టారు. చుట్టూ చుట్టాలు. కమల మొహంలో అలివేలు అనే పేరు అప్పటికే రాసి ఉంది. గోదా కొంగు అడ్డం పెట్టుకుని పిల్ల మీదికి వంగింది. మూడుసార్లు పెదవులు కదిలాయి. ఎవరికీ ఏమీ వినబడలేదు.

అచ్యుత్ ఉంగరం పట్టుకుని బియ్యప్పళ్ళెం ముందు కూర్చున్నాడు.

"అ రాయి," అంది కమల.

"లి రాయి తమ్మీ," అంది గోదా.

కమల కూతురి కొంగు పట్టి లాగింది.

"ఏం లొల్లే ఇది? మళ్ళ చెప్పు, సక్కగ చెప్పు!"

"చెవిల పడ్డది కమలా, ఇంక తియ్యొస్తదా?" అని ఆచార్యులు కూతురి వైపు తిరిగారు. "అర్థం చెప్పు గోదా. ఒట్టి పేరు పెట్టి రేపు స్వామి ముంగట నేనెట్ల నిలబడాలె?"

లేదు అని చెప్పడానికి వేదశ్రీ నోరు తెరిచింది. గోదా ఆమె కంటే ముందుంది.

"ఉన్నది బాపు. అమ్మవారు నడుస్తుంటే అందెలు మోగుతయి సూడు, ఆ సప్పుడు. మా దిక్కు ఒక పెద్దాయన చెప్పిండు."

ఆ పెద్దాయన ఎవరో గుడిమల్కాపూర్‌లో ఇప్పటికీ ఎవరికీ తెలియదు. కానీ పది రోజులుగా అమ్మవారి మొహం చూడని అర్చకుడు కండువాతో కళ్ళు ఒత్తుకున్నారు. "నేను గుడికి పోలేకపోతి. తనే నడిచి ఇంటికొచ్చింది," అన్నారు. చుట్టాలు చేతులు జోడించారు. కాసేపటికి కమల కూడా జోడించింది. ఎంతైనా అత్తగారికంటే అమ్మవారు పెద్ద.

భోజనాల వేళకు పేరులో సామాను దిగడం మొదలైంది. ఐదో ఏట నాట్యం నేర్పియ్యాలని ఒకరు, బ్రహ్మోత్సవాలలో ఆడియ్యాలని ఒకరు. పిల్ల కాళ్ళు ఆడిస్తే "సూడు, ఇప్పటిసందే!" అని అందరూ మురిసిపోయారు.

వేదశ్రీని మళ్ళీ గదిలోకి పంపి, చెవుల్లో కొత్త దూది పెట్టారు. గోదా గడప దగ్గరికొచ్చింది.

"నువ్వన్నదే పెట్టిన గద. ఇంకేంది గట్ల కూసున్నవ్?"

"పేరు పెట్టినవ్ వదినా. అర్థం ఎందుకు పెట్టినవ్?"

"పెట్టకుంటే అలివేలు అయితుండె," అంది గోదా. తర్వాత గొంతు తగ్గించి, "నాకు అంతకన్న ఏం తోచలేదే," అంది.

ఇంతలో కమల వెండి గజ్జెలతో లోపలికొచ్చి, పిల్ల కాళ్ళకు బిగించి, చెవి దగ్గరగా పెట్టుకుని కూర్చుంది. "ఏదీ, ఒక్కసారి మోగియ్యి తల్లీ. తాతకు వినబడాలె."

"ఇప్పుడే పండుకుంది అత్తమ్మా," అంటూ వేదశ్రీ పిల్ల మొహాన్ని గుండెకు తిప్పుకుని దుప్పటి కప్పింది.

పిల్ల కళ్ళు తెరిచే ఉంది. దుప్పటి కింద ఆ చిన్న పాదాలు రెండూ వేదశ్రీ పిడికిట్లో తన్నుకుంటున్నాయి. కమల వెళ్ళేదాకా ఆమె పట్టు సడలించలేదు.