ఒకటో గాటు లేని గెడ

నేను ఒక వెదురు గెడను. పడవవాడు నన్ను నీళ్లలోకి దించుతాడు, నేను అడుగున నేలను తన్నుతాను, పడవ ముందుకు కదులుతుంది. నా పని అంతే. దానికి పెద్ద చదువు అక్కర్లేదు. నా ఒంటి మీద కొన్ని గీతలు గీశారు, అవే నా చదువు.

పుట్టింది గోదావరి పక్కన, కొండలు రెండువైపుల నుంచీ దగ్గరికి జరిగి నదిని ఇరికించే చోట. మా పొదలో చాలామందిమి ఉండేవాళ్లం. కొందరు బుట్టలయ్యారు, కొందరు తడికలయ్యారు. ఒకడు నిచ్చెనయ్యాడు, వాడికి కొంచెం గర్వం. నన్ను బుచ్చన్న అనే పడవవాడు ఎంచుకున్నాడు. పొద చుట్టూ మూడుసార్లు తిరిగి, కణుపు కణుపూ వేలితో కొట్టి విని, లోపల బోలు తక్కువని తేల్చుకుని అప్పుడు నరికాడు. నీళ్లలో నానబెట్టాడు. పొగలో ఆరబెట్టాడు. నిప్పుల మీద తిప్పుతూ నా వంకర తీశాడు. కింది కొసకి ఇనప పొన్ను తొడిగాడు. పెళ్లికొడుకునైనా అంత శ్రద్ధగా ఎవరూ తయారుచెయ్యరు.

ఆఖరికి గాట్లు పెట్టాడు. మోచేతి నుంచి నడిమివేలి కొస దాకా ఒక మూర. కింది నుంచి ఒక మూర కొలిచి అక్కడ ఒక గీత చెక్కాడు. రెండో మూర దగ్గర రెండు గీతలు, మూడో మూర దగ్గర మూడు. అలా ఎనిమిది దాకా. నన్ను నిటారుగా ముంచితే నీళ్లు ఎన్ని గీతల దగ్గర ఆగితే అన్ని మూరల లోతు. చదువురాని వాడికి కూడా వేలితో తడిమితే తెలిసిపోయే లెక్క.

బుచ్చన్న పోయాక నేను అతని కొడుకు సారన్న చేతికి వచ్చాను. సారన్న మాట తక్కువ మనిషి. ఉదయం ఒక మాట అంటే మళ్లీ పొద్దు వాలేదాకా ఇంకోటి ఉండదు. అతని నోటి పని కూడా బావమరిది జోగులే చేసేవాడు. జోగులుకి దేవుడు చేతులు మామూలుగానే ఇచ్చాడు, నోరు మాత్రం ఇద్దరిది కలిపి ఇచ్చాడు.

రాళ్ల ఏట్లో పనిచేసే గెడ కింది కొస అరుగుతుంది. నాదీ అరిగింది, చీలింది. ప్రతి ఏడూ వరదలు తగ్గాక సారన్న చీలిన ముక్క కోసి, పొన్ను మళ్లీ తొడిగేవాడు. ఒక ఏడు రెండు వేళ్లంత, ఒక ఏడు బెత్తెడు. అలా పదేళ్లలో నేను ఒక మూర పొట్టివాణ్ణయ్యాను. ఒక గీత ఉన్న గాటు ఆ ముక్కలతో పాటే పోయింది. ఆ తర్వాత మందపాటి పొన్ను వేయించాడు, అరగడం ఆగింది.

మరి గాట్లు సరిచేసి కొత్తగా పెట్టుకోవచ్చు కదా అని మీరు అడుగుతారు. ఏటివాళ్లకి ఒక పద్ధతి ఉంది. పెద్దవాళ్లు పెట్టిన గాటు చెరపరు, దాని పక్కన ఇంకో గాటు పెట్టరు. పెడితే ఆ చేతిని కాదన్నట్టు. అందుకని సారన్న గాటు మార్చలేదు, లెక్క మార్చుకున్నాడు. మొదట్లో "బెత్తెడు తీసెయ్" అనేవాడు. తర్వాత "జానెడు తీసెయ్" అన్నాడు. చివరికి "ఒకటి తీసెయ్" దగ్గర స్థిరపడ్డాడు. నా మీద మూడు గీతలు కనబడితే నోటితో రెండనేవాడు. ఏటి మీద ఉన్న వాళ్లందరికీ అది తెలుసు. తెలియనివాళ్లు ఒకళ్లుంటారని మేమెవరం అనుకోలేదు.

ఆ రోజుల్లో పైన గోదావరి ఎలా ఉంటుందో దొరలకి తెలియదు. ఒక గట్టు నిజాంగారిది, రెండో గట్టు దొరలది. కొండలు మాత్రం కొండల్లో ఉన్నవాళ్లవే. అందుకని అప్పుడప్పుడు ఒక దొర పడవెక్కి వచ్చి, కనబడిందల్లా రాసుకుని పోయేవాడు. కార్తీకమాసంలో మా పడవెక్కిన దొరకి రాత పిచ్చి. కొంగ ఎగిరితే రాశాడు, కోయవాళ్లు నవ్వితే రాశాడు. మొసలిని చూశానని పుట నిండా రాశాడు. అది మొసలి కాదు, కొట్టుకొచ్చిన మద్దిమాను. అతనికి మా మాట రాదు. మధ్యలో లింగంపంతులని ఒక దుబాసీ ఉండేవాడు. మా పడవ కుదిర్చింది ఆయనే.

రెండో రోజున బల్లరాయి దగ్గరికి వచ్చాం. అక్కడ నదికి అడ్డంగా నీళ్ల కింద పెద్ద రాతిబల్ల ఉంది. పైకి కనబడదు. గట్టు మీద పాదాలగుండు అని ఒక బండ, దాని మీద ఎవరో ఎప్పుడో చెక్కిన రెండు పాదాలు. నీళ్లు ఆ పాదాల వేళ్లని తాకుతున్నాయంటే బల్లరాయి మీద సరిగ్గా రెండు మూరల నీళ్లున్నట్టు. ఆ రోజు అలాగే తాకుతున్నాయి. సారన్న అలవాటు కొద్దీ నన్ను ముంచి, "రెండు" అన్నాడు.

దొర వంగి చూశాడు. నీళ్ల అంచున మూడు గీతలు. వేలితో లెక్కపెట్టి చూపించి, ఇదేమిటని దుబాసీని అడిగాడు.

"ఒకటి తీసెయ్యాలండి. గెడ అరిగిందండి," అన్నాడు సారన్న.

లింగంపంతులు గొంతు తగ్గించాడు. "అరిగిపోయిన గెడ ఉన్న పడవ కుదిర్చి తెచ్చానని నా నోటితో నేనే చెప్పమంటావురా? ఊరుకో!" తర్వాత దొర వైపు తిరిగి ఇంగ్లీషులో ఏదో చెప్పి చేతులు తిప్పాడు. దొర నవ్వి, రాసుకున్నాడు. పడవ తేలిక, ఒకటిన్నర మూర కంటే దిగదు. దర్జాగా దాటిపోయాం. ఎవరికీ ఏమీ కాలేదు. అందుకే ఆ తప్పు ఎవరికీ కనబడలేదు.

నాలుగేళ్లు గడిచాయి. ఆ నాలుగేళ్లూ సారన్న చెక్క పోగుచేసి, తన చేత్తో ఒక పెద్ద పడవ కట్టుకున్నాడు. నీళ్లలోకి దించిన రోజున జోగులు పడవ చుట్టూ తిరిగి, "మా అక్కని కూడా ఇంత బాగా చూసుకోలేదు బావా నువ్వు" అన్నాడు. సారన్న నవ్వలేదు గాని, ఆ రోజంతా నన్ను పట్టుకున్న చెయ్యి మెత్తగా ఉంది.

ఆ పడవకి మొదటి పెద్ద ప్రయాణం ఇంకో దొరతో వచ్చింది. పైన కొండల్లో పనివాళ్లున్నారట, వాళ్లకి బియ్యం బస్తాలు, ఇనప పెట్టెలు తీసుకెళ్లాలి. పడవలో పదకొండుమంది. అంత బరువుకి పడవ రెండున్నర మూరలు దిగింది. ఈ దొరకి దుబాసీ లేడు. ఎవరో పండితుడి దగ్గర తెలుగు నేర్చుకుని వచ్చాడు. చంకలో ఒక పుస్తకం. మొదటి దొర రాసింది అచ్చయి, ఇతని చేతిలో పడింది.

మళ్లీ కార్తీకమాసమే. పాదాలగుండు దగ్గరికి వచ్చేసరికి నీళ్లు సరిగ్గా పాదాల వేళ్లని తాకుతున్నాయి. సారన్న పడవ ఆపించి, తాడు బండకి కట్టించాడు.

"సరుకు దించాలండి. గట్టు మీంచి మోసుకెళ్లి అవతల ఎక్కించుకోవాలి," అన్నాడు. అతని నోట్లోంచి అన్ని మాటలు ఒక్కసారి రావడం నేను అదే మొదటిసారి వినడం.

దొర పుస్తకం తెరిచాడు. "ఏల దించవలయును? నీరు పాదములను తాకునప్పుడు ఇచ్చట మూడు మూరల లోతు గలదని ఇందు స్పష్టముగా వ్రాయబడినది. మన పడవకు రెండున్నర చాలును."

జోగులు నా పక్కకి వంగి, "బావా, ఈ దొర మాట్లాడతన్నాడా, పురాణం చదవతన్నాడా?" అన్నాడు.

"నువ్వుండెహె," అని సారన్న పడవ ముందుకొస నుంచి నన్ను బల్లరాయి మీదికి చాచి ముంచాడు. నా పొన్ను రాతిబల్లకి తగిలి ఠంగుమంది. "రెండు," అన్నాడు.

దొర చూశాడు. నీళ్ల అంచున మూడు గీతలు. అతని మొహం ఎర్రబడింది. "నా కన్నులయెదుట మూడు కనబడుచుండగా నీవు రెండనుచున్నావు! ఈ పుస్తకమున మిమ్ము గూర్చియు వ్రాసియున్నారు. వినుము." అని వేలు పెట్టుకుని, ఒక్కొక్క మాటే తెలుగు చేస్తూ చదివాడు. "ఈ నది పడవవాండ్రు మంచివారే గాని లెక్క యెరుగరు. మూడింటిని చూచి రెండందురు. వారి గెడను నమ్మవలెను, వారి నోటిని నమ్మరాదు."

సారన్న చెయ్యి నా మీద బిగుసుకుంది. నాలుగేళ్లుగా ఆ మాట అచ్చులో ఊళ్లు తిరుగుతోందని అతనికి అప్పుడే తెలిసింది. దొర ఇంకా అన్నాడు, "ఒక దినము వ్యర్థము చేయజాలను. తాడు విప్పించుము. లేనిచో నీకు నది తెలియదని నేను కూడ వ్రాసెదను."

తాడు విప్పితే ఏమవుతుందో నాకు తెలుసు. బరువు పడవ బల్లరాయి మీద కూర్చుంటుంది. ప్రవాహం దాన్ని అడ్డం తిప్పుతుంది. అడ్డం తిరిగిన పడవని గోదావరి ఎప్పుడూ తిరిగి ఇవ్వలేదు. పదకొండుమందిలో ఈత వచ్చినవాళ్లు నలుగురు.

జోగులు అరవబోయాడు. సారన్న చెయ్యెత్తి ఆపాడు. నన్ను నీళ్లలోంచి తీసి, పై కండువాతో తుడిచి, తెచ్చి దొర ఒళ్లో అడ్డంగా పెట్టాడు.

"ఒకటి ఎక్కడుందో చూపించండి," అన్నాడు.

దొరకి అర్థం కాలేదు. అయినా వేలు పెట్టాడు. పొన్ను దగ్గర మొదలుపెట్టి పైకి తడుముకుంటూ వచ్చాడు. మూరెడు దూరంలో గీతలు తగిలాయి. రెండు. మళ్లీ కిందికి వెళ్లాడు. నున్నటి వెదురు, తర్వాత ఇనుము. మళ్లీ పైకి. రెండు. ఇంకా పైన మూడు, నాలుగు. ఎంత వెతికినా ఒకటి లేదు.

"ఒకటి యేమైనది?" అన్నాడు చివరికి.

"అరిగిపోయిందండి," అన్నాడు సారన్న.

దొర పెట్టెలోంచి కొలత పట్టీ తీసి పొన్ను కొస నుంచి మూడు గీతల దాకా కొలిచాడు. రెండు మూరలే. నన్ను ఒళ్లో పెట్టుకుని అలాగే కూర్చున్నాడు. పాదాలగుండు దగ్గర సుడి తిరుగుతున్న నీళ్లని చూశాడు, పడవలో ఉన్నవాళ్లని ఒక్కొక్కళ్లనే చూశాడు. పుస్తకంలో ఆ పుట మళ్లీ చదువుకున్నాడు. కాసేపటికి భుజాలు కదిలాయి. నవ్వుతున్నాడు. జోగులు ఇక ఆగలేదు, వాడు నవ్వితే పడవ ఊగింది.

"అయితే దొరగారూ, నోటిని నమ్మాలా, గెడని నమ్మాలా?" అన్నాడు.

"రెంటిని," అన్నాడు దొర. ఆ ఒక్క మాట మాత్రం పురాణంలా లేదు.

సరుకు దించడానికి, మొయ్యడానికి ఆ రోజంతా పట్టింది. దొర కూడా కోటు విప్పి ఒక బస్తా ఎత్తబోయాడు. రెండడుగులు వేసి, దించి, గొడుగు పట్టుకుని అందరినీ హెచ్చరించే పనిలోకి మారాడు. ఎవరికి వచ్చిన పని వాళ్లు చెయ్యాలి. ఖాళీ పడవ పూవులా తేలి బల్లరాయిని దాటింది. దాటుతున్నంతసేపూ నేను ఆ రాతిని ఠంగు ఠంగుమని కొడుతూనే ఉన్నాను. అవసరం ఉండి కాదు, సంతోషం కొద్దీ.

అవతలి గట్టున వంట చేసుకుంటుంటే దొర పెన్సిలు తీసి పుస్తకంలో మూడు కొట్టేసి రెండు వేశాడు. లెక్క యెరుగరన్న మాట మీద గీత అడ్డంగా లాగాడు. పక్కన ఖాళీలో ఏదో రాయబోతూ, "నీ నామధేయమేమి? వ్రాసికొనెదను," అన్నాడు.

సారన్న పొయ్యి ఎగదోశాడు. తర్వాత, "బుచ్చన్న అని రాయండి," అన్నాడు.

"అది మా మావ పేరు గదా బావా!" అన్నాడు జోగులు.

"గాట్లు ఆయనవే గదా," అన్నాడు సారన్న.

ఆ పెన్సిలు దిద్దుబాటు మళ్లీ అచ్చులోకి ఎక్కిందో లేదో నాకు తెలియదు. నా చదువల్లా ఆ గీతలేనని ముందే చెప్పాను. నాకు తెలిసిందల్లా, ఆ తర్వాత ఏ దొర పైకి వెళ్లాలన్నా ముందు సారన్న ఇల్లు ఎక్కడని అడిగేవాడు.

ఇంకో ఆరేళ్లకి నా నడుములో సన్నగా చీలిక కనబడింది. సారన్న అదే పొదకి వెళ్లి, మూడుసార్లు చుట్టూ తిరిగి, కొత్త వెదురు తెచ్చాడు. నానబెట్టాడు, ఆరబెట్టాడు, వంకర తీశాడు. పొన్ను తొడిగాక నన్ను దాని పక్కన పడుకోబెట్టి, పొన్నుకి పొన్ను ఆనించి, నా మీద ఎక్కడ గాట్లున్నాయో అక్కడే దాని మీద గాట్లు పెట్టడం మొదలుపెట్టాడు. ముందు రెండు గీతలు. తర్వాత మూడు.

జోగులు నెత్తి కొట్టుకున్నాడు. "ఓరి బావో! ఇది కొత్త గెడ గదా! దీనికేం అరిగింది? ఒకటి దగ్గర్నుంచి పెట్టరాదా? సచ్చేదాకా ఒకటి తీసెయ్, ఒకటి తీసెయ్ అంటానే ఉంటావా?"

సారన్న కత్తి ఆపి ఆలోచించాడు. "అయ్య లెక్క ఇప్పుడు ఇలాగే ఉంది," అన్నాడు. నాలుగో గాటు పెట్టడం మొదలుపెట్టాక ఇంకో మాట అన్నాడు. "గెడే అంతా చెప్పేస్తే, దాన్ని పట్టుకున్నోడు ఏటికేసి చూడ్డు."

జోగులు ఏదో అనబోయి ఊరుకున్నాడు. అది కూడా నేను మొదటిసారే చూశాను.

ఇప్పుడు నేను సారన్న ఇంట్లో పొయ్యి మీద, పైకప్పు కింద అడ్డంగా ఉన్నాను. నాకు జొన్న కంకులు కట్టి వేలాడదీస్తారు. పొగ వెచ్చగా ఉంటుంది, పురుగు దగ్గరికి రాదు. ఏరు దగ్గరే కాబట్టి పడవ వెళ్లేటప్పుడు మాటలు వినబడతాయి. కొత్త గెడ రాతికి తగిలి ఠంగుమంటుంది. "మూడు," అంటాడు జోగులు. "ఒకటి తీసెయ్," అంటాడు సారన్న.

ఆ తీసేసిన ఒకటి నాదే. ముక్కముక్కలుగా ఏట్లో పడి, ఏనాడో సముద్రానికి చేరి ఉంటుంది. మిగిలిన నేను ఇక్కడ జొన్నలు మోస్తూ హాయిగా ఉన్నాను.