పథ్యంలో పోయిన వాయిదా

చిన్నతల్లి ఆకుమడిలో వంగి వరినారు పీకుతోంది. వేళ్ళ బురదను నీళ్ళలో జాడించి, పిడికెడు కాగానే గడ్డిపరకతో చుట్టి వెనక్కి విసురుతోంది. పొట్టి మనిషి, ఎండకు కమిలిన మెడ, నాని తెల్లబడ్డ పాదాలు. ఇలాంటి వాళ్ళు ఊళ్ళో బోలెడుమంది. ఆమెను ఆగి చూసినవాళ్ళెవరూ లేరు.

పొద్దెక్కగానే గట్టెక్కి కాళ్ళు కడుక్కుంది. ఈరోజు కోర్టు ఉంది. మామగారిచ్చిన మెట్టభూమి చెక్క తనదేనంటూ భర్త దాయాది గోవిందరావు దావా వేశాడు. భర్త మంచాన పడ్డాడని తెలిసి మరీ వేశాడు, దాయాది బుద్ధి పోనిచ్చుకున్నాడు కాదు. వాయిదాకు వీళ్ళు వెళ్ళలేకపోయారు, తీర్పు అతనికే వచ్చింది. గడువు దాటిపోయాక ఇప్పుడు ఆలస్యాన్ని మన్నించమని అర్జీ పెట్టుకున్నారు. కోర్టు మన్నించకపోతే చెక్క పోయినట్టే.

ఇంటికెళ్ళి భర్త నరసింగరావుకు గంజి తాగించి, పక్కకు ఒత్తిగిల్లించింది. మాట సగమే వస్తుంది ఆయనకు.

"ఎల్లు. సెక్కొదలకు" అన్నాడు.

పొరుగింటి జగ్గమ్మను కాస్త చూస్తుండమని చెప్పి బస్సెక్కింది.

సాకులు రాయడం ప్లీడరు తిరుమలరావుకు వెన్నతో పెట్టిన విద్య. ఎవరు ఆలస్యంగా వచ్చినా పచ్చకామెర్లు అంటగడతాడు. ఆయన కక్షిదారుల్లో కామెర్లు రానివాళ్ళు లేరు. కోర్టు వరండాలో చిన్నతల్లికి ఆ మాటే చెప్పాడు.

"నీకు కామెర్లు, పసరు మందు తిన్నావు. అంతే చెప్పు, ఇంకేమీ మాట్లాడకు."

"నాకు కామెర్లేటి బాబూ? జొరమైనా రానేదు."

"రాసేశానమ్మా. చెక్క కావాలా, వద్దా?"

చెక్క కావాలి. అందుకే నోరు మూసుకుని లోపలికి నడిచింది.

ఆమె బోనెక్కాక గోవిందరావు తరఫు ప్లీడరు నవ్వుతూ, కామెర్లకు ఎక్కడ మందు తిన్నావని అడిగాడు. చిన్నతల్లి తిరుమలరావు వైపు చూడలేదు. ఎదురుగా ఉన్న జడ్జి గారినే చూసింది. ఆడమనిషే, కళ్ళజోడు వెనక కళ్ళు అలసి ఉన్నాయి.

"నాకు కామెర్లు రానేదమ్మా. మా ఇంటాయనకి కాలూ సెయ్యీ పడిపోనాయి. కొండకింద ఊర్లో పసరు పోయించినాను. మందు అయినంతవరకూ రోగీ, రోగిని సూసే మనిషీ ఊరి పొలిమేర దాటకూడదన్నారు. దాటితే మందు ఇరిగిపోతాదంట. అందుకే వాయిదాకి రానేదు. భూవి పోతే మల్లీ అడుక్కోవచ్చు, మడిసి పోతే ఎవర్నడగను?"

తిరుమలరావు తల దించుకున్నాడు.

"మరి ఇప్పుడు పొలిమేర దాటావు కదా?" అని అడిగారు జడ్జి గారు.

"పథ్యం అయిపోనాదమ్మా. ఇప్పుడు దాటొచ్చు."

అర్జీలో అబద్ధం రాసినందుకు జడ్జి గారు తిరుమలరావును అందరిముందూ మందలించారు. తర్వాత, ఆ కష్టంలో ఉన్న మనిషి రాలేకపోవడం నిర్లక్ష్యం కాదంటూ ఆలస్యాన్ని మన్నించి, పాత తీర్పు పక్కనపెట్టి, దావాను మళ్ళీ మొదటినుంచి వింటామన్నారు. చిన్నతల్లికి అందులో సగమే అర్థమైంది. ఆ సగానికే కడుపు నిండిపోయింది.

బస్సు దిగి పరుగులాంటి నడకతో ఇల్లు చేరింది. గుమ్మంలో జగ్గమ్మ నిలబడి ఉంది. ఆమె ముఖం చూడగానే చిన్నతల్లి ఆగిపోయింది.

"మద్దేనం ఇంత నీల్లు తాగినాడు. నువ్వొచ్చినావా అని అడిగినాడు. నిద్దరోతన్నాడనుకున్నానే" అంది జగ్గమ్మ. ఏడుస్తూనే గొంతు తగ్గించింది. "పొలిమేర దాటినావనేటే..."

"కాదు. పథ్యం అయిపోనాకే దాటినాను. ఆయనే ఎల్లమన్నాడు."

ఆ మాట గట్టిగానే అంది. తర్వాత మంచం పక్కన కూలబడి, ఇంకా పూర్తిగా చల్లబడని ఆయన చేతిని రెండు చేతుల్లోకి తీసుకుంది. దుఃఖం పొంగుకొచ్చింది. అయినా చెప్పాల్సింది చెప్పింది.

"మన్నించినారయ్యా. మల్లీ ఇంటారంట. సెక్కొదల్ను."

ఆయన్ని బయటికి తెచ్చేటప్పుడు ఎవరో దూలానికి కట్టిన తాడు అడ్డమని విప్పబోయారు. ఉండనియ్యమంది. లేచి కూర్చోవడానికి ఆయన పట్టుకునే ఆ తాడు ఖాళీ మంచం మీద వేలాడుతోంది, చెయ్యి పడే చోట పీచు అణిగి నున్నగా ఉంది.