మిల్లు గేటు రాళ్లు

మిల్లు గేటు దగ్గర ముప్ఫైఒక్క మందిని కాల్చింది మన పోలీసులే. ఇందులో వాదించడానికేం లేదు. రాళ్లు చెక్కే పెద్దమేస్త్రి భార్య అతనికి అన్నం క్యారియర్ పట్టుకుని వస్తూ ఆ గేటు దగ్గరే అతని కళ్లెదుట కూలిపోయింది.

పందొమ్మిదేళ్ల తర్వాత సర్కారుకు చచ్చినవాళ్లు గుర్తొచ్చారు. జాతీయ దినానికి స్మారకం లేపాలట. మనిషెత్తు నల్లరాళ్లు నాలుగు దిగాయి. ఆఫీసువాడు సుద్దతో అక్షరాలు గీసి పోతాడు. గీత వెంట ఉలి నడవాలి. చెక్కేవాళ్లు పదకొండు మంది. చదువొచ్చింది మేస్త్రి ఒక్కడికే.

కంట్రాక్టరు అతన్ని పక్కకి పిలిచాడు. "నీ ఆడమనిషి పేరు అందరికంటే పైన పెట్టిస్తా. కిక్కురుమనకుండా పని కానివ్వు."

మేస్త్రి నోరు మూసుకుని మూడు రోజులు చెక్కాడు.

నాలుగో రోజు, రాయికి నునుపు పెట్టే ఆడమనిషి అడిగింది. ఆమె అన్న కూడా ఆ గేటు దగ్గరే పోయాడు. "మామా, మా అన్న గురించి ఏం రాశారో చదువు."

"పని చూసుకో."

"చదివితే నీ చదువేమన్నా అరిగిపోతుందా?"

మేస్త్రి చదివాడు. "దేశం కోసం శత్రువుల తూటాలకు బలైన వీరులు."

ఉలులు ఆగిపోయాయి.

"శత్రువులా? మన వీధికి శత్రువెప్పుడొచ్చాడు మామా? ఆ రోజు మా అన్నని మన భాషలోనే బూతులు తిట్టి కాల్చారు కదా!"

"పోనీలేవే, పేర్లన్నా ఉంటాయి," అన్నాడు ముసలి పనివాడు. "పిల్లలు దండలేస్తారు."

"వేసి? పక్క దేశంవాణ్ణి తిట్టుకుంటూ పెరుగుతారు. కాల్చినవాడు ముందు వరసలో కూర్చుని చప్పట్లు కొడతాడు. సిగ్గుండాలి తాతా!" ఆమె మేస్త్రి వైపు తిరిగింది. "నీకు మొదటి రోజే తెలుసు. మా చేతుల్తోనే మా నోళ్లు మూయించావు."

మేస్త్రి లేచాడు. ఉలి తీసుకుని తాను చెక్కిన 'శత్రువుల' అన్న మాటను తానే కొట్టేశాడు. రాయికి గుంట పడింది. నాలుగు రాళ్ల మీదా సుద్దతో గీశాడు: మన పోలీసులే కాల్చారు. అందరూ ఉలులు అందుకున్నారు.

సాయంత్రం జీపులొచ్చేసరికి మిల్లు వీధి మొత్తం రాళ్ల చుట్టూ కూర్చునుంది.

"ఎవడ్రా రాసింది?" ఇన్‌స్పెక్టర్ అరిచాడు.

"నేనే. వాళ్లకి చదువు రాదు."

"ఇప్పుడొచ్చింది," అందామె. ఒక్కో అక్షరం మీద వేలు పెట్టి గట్టిగా చదివింది. వీధంతా అందుకుంది.

మేస్త్రికి బేడీలు పడ్డాయి. స్టేషన్లో కాగితం ముందుకు తోశారు. "మతి తప్పి రాశానని చెప్పు, వదిలేస్తాం. లేదా, ఆ రోజు గేటు దగ్గర అసలేం చూశావో చెప్పు, కేసులో రాసుకోవాలి."

"పందొమ్మిదేళ్లు కనబడ్డ ప్రతి అధికారికీ చెప్పాను. ఒక్కడూ రాసుకోలేదు. ఇప్పుడు ఆ వీధిని అడుగు, చెబుతుంది. నేను మాత్రం ఈ జన్మలో ఆ సంగతి ఇక మాట్లాడను."

లాఠీ విరిగింది. అతను మాట్లాడలేదు.