పిలిస్తేనే తినేవాడు

పొద్దున్నే అమ్మతో పేచీ పడకుండా నేను పనికి బయల్దేరిన రోజంటూ లేదు. ఆ రోజు మాత్రం అది బాగా ముదిరింది.

మా ఇంట్లో చాప మీద ఎప్పుడూ మూడు గిన్నెలుంటాయి. అమ్మది, నాది, మా అన్న కియెన్‌ది. మూడో గిన్నెలో అమ్మ అన్నం వడ్డించదు. కడిగి, తుడిచి, దాని మీద తినే పుల్లలు అడ్డంగా పెట్టి ఊరుకుంటుంది. అన్న స్క్విడ్ వేటకు వెళ్ళిన పడవ తుఫానులో పోయి నాలుగేళ్ళు. చెక్క ముక్క కూడా ఒడ్డుకు రాలేదు. ఆ పడవలో వెళ్ళినవాళ్ళ ఇళ్ళలో ఏడ్చి ఏడ్చి, చివరికి మట్టితో మనిషి బొమ్మలు చేయించారు. సముద్రం ఒడ్డున పేరు పెట్టి పిలిచి, ఆ బొమ్మలని పూడ్చి, శవాల్లేని గాలి సమాధులు కట్టారు. మా అమ్మ ఒక్కతే ససేమిరా అంది.

"ఇవాళ ఏడో నెల పౌర్ణమి. దిక్కులేని ఆత్మలకి ఊరు ఊరంతా గంజి పోస్తుంది. మన ఇంటివాడికి మాత్రం మెతుకు లేదు" అన్నాను.

"నోర్ముయ్యవే లామ్! బతికున్నవాడికి ఎవరైనా ధూపం వెలిగిస్తారా?"

"బతికే ఉంటే నాలుగేళ్ళుగా ఒక్క ఫోన్ చెయ్యడానికి తీరిక దొరకలేదా నీ కొడుక్కి?"

అమ్మ గరిటె విసిరింది. తగల్లేదు. గిన్నె వైపు చూస్తూ విసిరితే ఎలా తగులుతుంది! నేను తినకుండానే చెప్పులు వేసుకుని బయటపడ్డాను. ఒళ్ళు మండిపోతోంది. ఆవిడ మీదా, అన్న మీదా, నా మీదా కూడా.

నా ఉద్యోగం డా నాంగ్ ఊరిని ఒక్క పగట్లో చూపించడం. పాలరాతి కొండలు, మధ్యాహ్నం సముద్రం ఒడ్డున భోజనం, తర్వాత సోన్ చా కొండ మీది గుడి, చివరికి పడవల రేవు. రోజూ అవే మాటలు, అవే జోకులు. ఆ రోజు వచ్చినవాళ్ళు ఉత్తరాది నుంచి వచ్చిన పింఛనుదార్లు. వాళ్ళందరికీ నాయకురాలు లుయెన్ పెద్దమ్మ, రిటైరైన టీచరు. వ్యాన్ ఎక్కిన దగ్గర్నుంచి నా పెళ్ళి గురించే అడుగుతోంది.

"ఇంత బాగా మాట్లాడతావు, ఒక్కడైనా పడలేదా అమ్మాయ్?"

"మాట్లాడతాననే పారిపోతున్నారు పెద్దమ్మా" అన్నాను.

డ్రైవరు క్వీ అన్న అద్దంలోంచి పకపకా నవ్వాడు. ఆయనా నేనూ మూడేళ్ళుగా ఒకే బండిలో తిరుగుతున్నాం.

భోజనం దగ్గరే నేను తప్పు చేశాను. మా దగ్గర పిలవనిదే ఎవరూ పుల్లలు ఎత్తరు. చిన్నవాళ్ళు పెద్దవాళ్ళని వరస పెట్టి పిలవాలి. తాతా తినండి, పెద్దమ్మా తినండి, బాబాయ్ తినండి అని. మా కియెన్ అన్న ఈ విషయంలో మరీ మొండివాడు. చిన్నప్పుడు అమ్మ వంటింట్లో ఉండి పిలవడం మర్చిపోతే, ఆకలితో కడుపు కాలుతున్నా గిన్నె ముందు అలాగే కూర్చునేవాడు. నేను ఎంత పిలిచినా లాభం లేదు, అమ్మే పిలవాలి.

ఆ హోటల్ ముందు, పేవ్‌మెంట్ మీద, సముద్రం వైపు తిప్పి, దిక్కులేని ఆత్మల కోసం పళ్ళెం పెట్టి ఉంది. పల్చటి గంజి, పేలాలు, ఉప్పు, చిలగడదుంపలు. ధూపం పొగ నేరుగా మా బల్ల మీదికి వస్తోంది. ఆ పళ్ళెం పెట్టినవాళ్ళు "ఎవరున్నారో వాళ్ళంతా వచ్చి తినండి" అంటారు. అందుకే ఆ పౌర్ణమి నాడు మా గైడ్లెవరూ భోజనాల దగ్గర అందర్నీ కలిపి ఒక్కసారే పిలవరు. ఎంత ఆలస్యమైనా సరే, ఒక్కొక్కరి మొహం చూసి పిలుస్తారు. నేనేమో పొద్దుటి కోపంలోనే ఉన్నాను, కొండ మీద ఆలస్యమైంది, వెనక నుంచి వడ్డించేవాడు తొందర పెడుతున్నాడు.

"సరే, ఎవరున్నారో అందరూ తినేయండి!" అన్నాను, సముద్రం వైపు నిలబడి.

క్వీ అన్న చేతిలో పుల్లలు ఆగిపోయాయి. నాకు వెంటనే తట్టింది. పోనీలే, నోటిమాటే కదా అనుకున్నాను.

కాసేపటికి చూస్తే బల్ల చివరి కుర్చీలో ఒకతను కూర్చుని ఉన్నాడు. సన్నగా, నల్లగా, నాకంటే కొంచెం పెద్దవాడు. చొక్కా ఒంటికి అతుక్కుపోయి ఉంది. గిన్నె మీదికి బాగా వంగి ఆబగా తింటున్నాడు. కుడి మణికట్టు మీద పాత కాలిన మచ్చ. పెద్దమ్మ వాళ్ళు అతను నా మనిషి అనుకున్నారు, నేను వాళ్ళ మనిషి అనుకున్నాను.

"అబ్బబ్బ, ఏం ఉప్పమ్మా ఇది! ఈ వంటవాడు సముద్రం ఎత్తి పోశాడా?" అంది లుయెన్ పెద్దమ్మ, ఇగిర్చిన చేప నోట్లో పెట్టుకుని.

"ఇందులో చారెడు పంచదార పడాలి పెద్దమ్మా. అప్పుడు చూడండి" అన్నాడు అతను. దక్షిణాది యాస, నదుల వైపు వాళ్ళది.

"చేపలో పంచదారేంట్రా నాయనా, పాయసమా!" అని ఆవిడ కసిరింది. అందరూ నవ్వారు. అతనూ నవ్వాడు, ముందు పన్ను ఒకటి లేదు.

అందరూ లేచాక క్వీ అన్న ఆ చివరి గిన్నె దగ్గరికి వెళ్ళాడు. అంత ఆబగా తిన్నాడా, చేప ముక్క మాత్రం పెట్టింది పెట్టినట్టే ఉంది. ఆయన దాన్ని కొంచెం తుంచి నోట్లో వేసుకున్నాడు. మొహం మారిపోయింది.

"చప్పగా ఉంది" అన్నాడు మెల్లగా.

నేనూ రుచి చూశాను. ఉప్పు లేదు, కారం లేదు, చేప వాసన కూడా లేదు. తడి గుడ్డ నమిలినట్టుంది. పక్క గిన్నెలోది నాలిక మీద పెట్టుకుంటే నోరు పగిలేంత ఉప్పు.

"చంపావు కదే తల్లీ" అన్నాడు క్వీ అన్న. "పోయినవాళ్ళు తినేది రుచినే. పిలిచింది నువ్వు, పంపాల్సిందీ నువ్వే. పొద్దు వాలేలోపు నీళ్ళ ఒడ్డున సాగనంపు. లేకపోతే నీ వెంట ఇంటికొస్తాడు." అంటూ హోటల్ వాళ్ళ పళ్ళెంలోంచి ఉప్పూ బియ్యమూ కలిపిన పొట్లం కట్టి నా చేతిలో పెట్టాడు.

వ్యాన్ ఎక్కేసరికి అతను వెనక సీట్లో కూర్చునే ఉన్నాడు. నేను మైకు పట్టుకుని కొండ గురించి, కోతుల గురించి ఏవేవో చెప్పాను. ఏం చెప్పానో నాకే తెలియదు. మాట తడబడినప్పుడల్లా వెనక నుంచి అతను తల ఊపుతున్నాడు, పర్వాలేదు చెప్పు అన్నట్టు.

గుడి దగ్గర అందరూ లోపలికి వెళ్ళారు. సముద్రం వైపు చూస్తూ నిలబడ్డ తెల్లటి అమ్మవారి విగ్రహం కింద ఫొటోలు దిగారు. అతను ద్వారం దాటలేదు, బయటే నిలబడ్డాడు.

"పాపం, ఆ అబ్బాయికి చెమటలు కారిపోతున్నాయి. కాసిని మంచినీళ్ళు ఇవ్వవే" అంది పెద్దమ్మ.

చెమట కాదది. చొక్కా అంచు నుంచి నీళ్ళు బొట్లు బొట్లుగా రాళ్ళ మీద పడుతున్నాయి. ఎండకి అవి ఆరినచోట తెల్లటి ఉప్పు మచ్చలు మిగులుతున్నాయి. నేను సీసా పట్టుకెళ్ళి చేతికందేంత దూరంలో నేల మీద పెట్టాను. అతను దాన్ని ముట్టుకోలేదు.

"నీళ్ళకేం కొదవలేదు చెల్లెమ్మా" అన్నాడు. నేను వెనక్కి పరిగెత్తినంత పని చేశాను.

రేవుకి చేరేసరికి ఎండ పసుపు రంగుకి తిరిగింది. పెద్దమ్మ వాళ్ళు ఎండు స్క్విడ్ బేరమాడటానికి దుకాణాల మీద పడ్డారు. అతను వ్యాన్ దిగి నేరుగా గట్టు చివరికి నడిచాడు. నేను పొట్లం విప్పుకుంటూ వెనకాలే వెళ్ళాను. పడవలన్నిటికీ ముందు కళ్ళు గీసి ఉంటాయి, ఆ కళ్ళన్నీ మావైపే ఉన్నాయి. చల్లేసి పారిపోదామని పిడికిలి ఎత్తాను.

"ముక్కు అచ్చం కియెన్ అన్నదే" అన్నాడు అతను.

చెయ్యి గాలిలోనే ఆగిపోయింది.

"నా పేరు ఊత్. మీ అన్న పడవలో వంటవాడిని. నాకు ముందూ వెనకా ఎవరూ లేరు. ఎవరు పిలిచినా వస్తాను, నువ్వు పిలిచావు, కడుపు నిండింది. చల్లగా ఉండాలి నువ్వు."

"మా అన్న ఎక్కడ?" అన్నాను.

అతను నీళ్ళ వైపు చూశాడు. "అక్కడే ఉన్నాడు. మిగతావాళ్ళని ఇళ్ళ నుంచి పిలిచారు, ఒక్కొక్కళ్ళే వెళ్ళిపోయారు. ఆయన పడవ అంచు పట్టుకుని కూర్చున్నాడు. పౌర్ణమి వచ్చింది, ఊరంతా పెడుతున్నారు పదన్నా అంటే రాడు. అమ్మ గిన్నె పెట్టింది, ఇంకా పిలవలేదు అంటాడు. రోజూ అదే మాట. బాగా చిక్కిపోయాడు చెల్లెమ్మా. చూడలేకపోతున్నాను."

నేను ఏడ్చేశాను. సిగ్గూ ఎగ్గూ లేకుండా, ఆ గట్టు మీదే, వెక్కి వెక్కి ఏడ్చాను. వెనక నుంచి క్వీ అన్న హారన్ కొట్టాడు. సూర్యుడు కొండ అంచుని తాకుతున్నాడు. "వెళ్ళిరా ఊత్ అన్నా" అని ఉప్పూ బియ్యమూ చల్లాను. గింజలు నీళ్ళలో పడ్డ చప్పుడు వినిపించింది. తల ఎత్తేసరికి గట్టు మీద తడి తప్ప ఏమీ లేదు.

నేను ఇల్లు చేరేసరికి అమ్మ చాప పరిచి ఉంచింది. మూడు గిన్నెలు. పొద్దుటి కోపం ఇంకా దిగలేదు, నావైపు చూడలేదు. నేను గుమ్మంలో నిలబడే అంతా చెప్పేశాను.

"నాటకాలాడకు" అంది అమ్మ. "గాలి సమాధి కట్టించాలని నువ్వూ మీ బాబాయిలూ కలిసి కట్టిన కథ ఇది. వంటవాడట! పడవన్నాక ఎవడో ఒక వంటవాడు ఉండడా?"

"ముందు పన్ను లేదమ్మా. చేతి మీద కాలిన మచ్చ ఉంది. ఇగిర్చిన చేపలో పంచదార వెయ్యాలన్నాడు."

అమ్మ చేతిలో గరిటె ఆగింది.

"ఏం వెయ్యాలన్నాడు?"

"పంచదార."

అమ్మ అలాగే చాప మీద కూలబడింది. "చివరిసారి వచ్చినప్పుడు మీ అన్న ఇక్కడే కూర్చుని ఒకటే సణుగుడు" అంది. "దక్షిణాది వాడెవడో వంటకి చేరాడమ్మా, చేపల్లో పంచదార పోసి చంపుతున్నాడు, నీ చేతి ఉప్పు చేప తినాలని ఉంది అని. నువ్వప్పుడు హువేలో చదువుకుంటున్నావు. నీకు తెలియదు. నేను ఎవరికీ చెప్పలేదు."

నేను పక్కన కూర్చుని ఆవిడ చెయ్యి పట్టుకున్నాను. విదిలించుకుంది. లేచి, నాన్న పటం దగ్గర నుంచి ధూపం కడ్డీ తెచ్చింది. అగ్గిపుల్లలు ఒకదాని తర్వాత ఒకటి విరిగిపోయాయి. నేను సాయానికి వెళ్తే కళ్ళెర్రజేసింది. ఎలాగో తనే వెలిగించింది. మూడో గిన్నెలో నిండుగా అన్నం పెట్టి, కుండలోంచి పెద్ద చేప ముక్క తీసి పైన పెట్టింది. అడ్డంగా ఉన్న పుల్లలు తీసి గిన్నె పక్కన సర్దింది.

పిలవడానికి నోరు తెరిచి మూసేసింది. ఆ ఒక్క మాట అంటే ఇక కొడుకు ప్రాణాలతో తిరిగి రాడని ఆవిడకి తెలుసు. నాకూ తెలుసు. వద్దులే అమ్మా అనబోయాను.

"కియెన్, రా నాన్నా. అన్నం చల్లారిపోతోంది, తిను" అంది అమ్మ. వంటింట్లోంచి రోజూ పిలిచిన గొంతే అది, కాస్త విసుగుతో సహా.

పోయినవాళ్ళు తింటుంటే చూడకూడదని ఇద్దరం గోడ వైపు తిరిగి కూర్చున్నాం. బయట వీధిలో ఎవరో ఆత్మలకని కాగితం బట్టలు కాలుస్తున్నారు. ఏ చప్పుడూ వినపడలేదు. కడ్డీ చివరిదాకా కాలి బూడిద రాలాక అమ్మ తిరిగి, ఆ గిన్నెలోంచి చేప చిన్న ముక్క తుంచి నోట్లో పెట్టుకుంది.

నమలడం ఆపేసింది. కుండలోంచి ఒక ముక్క తీసి రుచి చూసింది. మళ్ళీ గిన్నెలోది చూసింది.

"లామ్" అంది. "దీన్లో ఉప్పు లేదే."

చెంపల మీద కన్నీళ్ళు కారిపోతున్నాయి, తుడుచుకోలేదు. "తిన్నాడే. వచ్చి తిన్నాడు. ఎంత ఆకలి మీదున్నాడో చూడు, ఉప్పు కూడా మిగల్చలేదు."

ఆ గిన్నె ఖాళీ చేసి, వేడన్నం మళ్ళీ నిండుగా పెట్టింది. మిగిలిన చేపంతా దాని మీద వేసింది. ఇంకో కడ్డీ వెలిగించి, "ఇంకొంచెం తిను నాన్నా" అని పిలిచింది.