నాలుగో నంబరు చొక్కా

గంజి మూడో గుక్క కూడా గడ్డం మీదుగా జారి రొమ్ము మీద పడింది. స్టెల్లా తన గాజులకున్న పిన్నీసుల్లో ఒకటి తీసి, భర్త మెడ చుట్టూ తువాలు బిగించి పెట్టింది. చంకలో ఉన్న ఏడు నెలల అక్షయ మిగిలిన పిన్నీసుల కోసం చెయ్యి చాపుతోంది. ఇద్దరికీ ఒకటే గిన్నె, ఒకటే చెంచా. బిడ్డ మింగుతోంది. తండ్రికి మింగుడు పడటం లేదు.

"తొందరేం లేదు. మెల్లగా మింగండి," అంది.

యేసుకుమార్ ఏదో అన్నాడు. నాలుక మందంగా తిరిగింది. ఆ మాట స్టెల్లాకి తప్ప ఇంకెవరికీ అర్థం కాదు. 'సారొచ్చారు' అంటున్నాడు.

గుమ్మం బయట గోపాలకృష్ణ నిలబడి ఉన్నాడు. ఫ్యాక్టరీలో మనుషుల్ని తీసుకునేదీ, తీసేసేదీ ఆయనే. బూట్లు విప్పలేదు, లోపలికి రాలేదు. రోడ్డు మీద కారు ఇంజను ఆడుతూనే ఉంది.

"ఎట్లా ఉన్నాడమ్మా మన నాలుగో నంబరు?"

"చూస్తన్నారుగా సార్."

"టైం పడుతుంది. దేవుడున్నాడు." చేతిలోని ఫైలు తెరిచాడు. "శనివారం పదింటికి క్యాంటీన్లో చొక్కా అప్పగింత పెట్టాం. నాలుగో నంబరు జాన్సన్‌కి ఇస్తున్నాం. హెడ్డాఫీసు వాళ్ళు కొరియా నుంచి టీవీలో చూస్తారు. ఆ రోజు వేసుకున్న చొక్కా నీ దగ్గరే ఉందిగా?"

"ఉందండి. ఆస్పత్రిలో దానికి కత్తెరేశారు. మెడ కాణ్ణుంచి కిందిదాకా."

"నువ్వు జాకెట్లు కుడతావు కదమ్మా. అతుకు కనపడకుండా కుట్టెయ్. శుభ్రంగా ఉతికి, ఇస్త్రీ చేసి పట్రా."

"జాన్సన్‌కి కొత్తదే ఇవ్వచ్చు కదండీ?"

"కొత్తది పనికిరాదు. ఒంటి మీద వేసుకున్న చొక్కానే, ఇల్లాలు ఉతికి ఇవ్వాలి. ఆటగాడు మారినప్పుడల్లా అంతే, అది మన ఫుట్‌బాల్ క్లబ్బు ఆచారం. మీ ఆయన చెప్పే ఉంటాడు, చరిత్ర మొత్తం నోటికొచ్చుగా ఆయనకి."

రెండు కాగితాలు గడప మీదుగా అందించాడు. ఒకటి స్టెల్లాకి క్యాంటీన్లో గిన్నెలు కడిగే పని ఇస్తున్నట్టు. నెలకి తొమ్మిది వేలు. రెండోది యేసుకుమార్ తన ఇష్టప్రకారమే ఉద్యోగం మానుకుంటున్నట్టు. అది ఇంగ్లీషులో ఉంది. స్టెల్లా చదువు ఇంటర్ మొదటి ఏడాదిలో ఆగిపోయింది. వేలు పెట్టి ఒక్కో మాటే కూడబలుక్కుంటూ చదివింది. మూడో వరుసలో వేలు ఆగింది.

"చిన్నప్పట్నుంచీ ఫిట్స్ ఉన్నాయని రాశారేంటండీ?"

"అదొక ఫార్మాలిటీ."

"ఆయనకి ఎప్పుడూ లేవండీ ఫిట్సు."

"చూడమ్మా. డ్యూటీలో జరిగితే రూల్సు వేరు. ఆట డ్యూటీ కాదు. ఎవరూ బలవంతం చెయ్యలేదు, ఇష్టంగా ఆడాడు." గుమ్మంలోంచి తల కొంచెం లోపలికి వంచాడు. "ఏం కుమార్, ఇష్టంగానే ఆడావు కదా?"

యేసుకుమార్ తల పైకీ కిందికీ ఊగింది. మే నెల నుంచీ అది ఊగుతూనే ఉంది. నిద్రపోతేనే ఆగుతుంది.

"చూశావా," అన్నాడు గోపాలకృష్ణ.

కారు వెళ్ళిపోయాక అత్తగారు సంపూర్ణమ్మ వంటింట్లోంచి వచ్చింది. అన్నీ వింది.

"కుట్టి ఇచ్చెయ్యవే. చొక్కా ఏం చేసుకుంటాం?"

"చొక్కాతో పోయేది కాదత్తయ్యా. మీ అబ్బాయికి ఫిట్సంట. మీరు కన్నారుగా, మీకు తెలియకుండా ఎప్పుడొచ్చాయి?"

"తెలుసే తల్లీ నాకు. వాడు తొమ్మిదేళ్ళకి కంకిపాడు కాలవ ఈ గట్టు నుంచి ఆ గట్టుకి ఈదాడు." ముసలామె వెంటనే గొంతు గట్టి చేసుకుంది. "అయితే ఏం చేస్తావు? నీ పౌరుషం కూరొండుకుని తింటామా? పిల్లకి పాలు నీ దగ్గర సరిగ్గా రావట్లేదు. తొమ్మిది వేలంటే తొమ్మిది వేలు."

స్టెల్లా అలవాటుగా బిడ్డ నుదురు తాకి చూసింది, తర్వాత భర్త నుదురు. మే నెల నుంచీ ఆమె చెయ్యి రోజుకి వందసార్లు ఆ రెండు నుదుళ్ళ మధ్య తిరుగుతోంది.

*

కొండపల్లి అవతల కార్ల తలుపులకి రేకులు ఒత్తే ఆ ఫ్యాక్టరీ పెట్టి ఆరేళ్ళయింది. కొరియా వాళ్ళు యంత్రాలతోపాటు ఒక ఫుట్‌బాల్ క్లబ్బును కూడా తెచ్చారు. నీలం చొక్కా మీద తెల్ల కొంగ దాని గుర్తు. ఆటగాళ్ళంతా ఫ్యాక్టరీ పనివాళ్ళే. ఒక షిఫ్టు రేకుల దగ్గర, మిగిలిన వేళ మైదానంలో. కొరియాలో కూడా ఆ క్లబ్బు అట్లాగే నడిచిందట. సగం జీతగాళ్ళు, సగం ఆటగాళ్ళు. అక్కడ మైదానం అమ్మేసి అపార్ట్‌మెంట్లు కట్టాక, టీమును మూసి కొంగ బొమ్మను ఇక్కడికి పంపించారు.

యేసుకుమార్ అప్పుడు కంకిపాడు పొలాల్లో దమ్ము చేసే ట్రాక్టరు తోలేవాడు. పొద్దంతా ట్రాక్టరు వెనక నిజం కొంగలు, సాయంత్రం కోత కోసిన చేలో బంతి. అతని ఆట చూసి నెలకి పదహారు వేల అయిదొందలకి తీసుకున్నారు. ఆటకి విడిగా ఇంకో రెండు వేలు. చేరినవాళ్ళంతా క్లబ్బు చరిత్ర కంఠతా పట్టాలి, అతిథులొస్తే ఒప్పజెప్పాలి. సండే స్కూల్లో వాక్యాలు బట్టీపట్టినవాడు కాబట్టి అతనికి వారంలో వచ్చేసింది. పెళ్ళైన కొత్తలో అన్నం తింటూ స్టెల్లాకి వినిపించేవాడు.

"పందొమ్మిదివందల ఎనభై మూడు. సముద్రం ఒడ్డున పదకొండు మంది రేకు కార్మికులు. బంతి ఒకటి, బూట్లు ఆరు జతలు. ఎనభై ఏడు. మన కెప్టెన్ ఆటకి ప్రాణం ఇచ్చారు. ఆయన ఇల్లాలు చొక్కా ఉతికి తర్వాతివాడికి అప్పగించారు. తొంభై ఎనిమిది. మనకి కప్పు వచ్చింది..."

"మిగిలిన అయిదుగురూ ఉత్తకాళ్ళతో ఆడారా పాపం?" అని నవ్వేది స్టెల్లా.

"నవ్వకూడదు. చరిత్ర."

మే నెలలో హెడ్డాఫీసు పెద్దలు వచ్చారు. ఆరున్నరకి గన్నవరంలో వాళ్ళ విమానం. అందుకని మ్యాచ్ మూడింటికి పెట్టారు. ఆ రోజు బెజవాడలో ఎండ నలభై ఆరు. యేసుకుమార్ నైట్ షిఫ్టు చేసి పొద్దున ఏడింటికి ఇంటికొచ్చాడు. పదింటికి మళ్ళీ పిలిచారు. డెబ్భయ్యో నిమిషంలో బంతి దొరకగానే వెనక్కి తిరిగి తన సొంత గోలు వైపే పరిగెత్తడం మొదలుపెట్టాడు. షామియానా కింద కూర్చున్నవాళ్ళు నవ్వారు. చప్పట్లు కొట్టారు. ఎవరో ఈల వేశారు. అతను తన గోలు స్తంభం దాకా వెళ్ళి, దాన్ని కావిలించుకుని, కింద పడ్డాడు. ఒంటి మీద చెమట చుక్క లేదు. అతిథుల ఏసీ కార్లు నాలుగు అక్కడే ఉన్నాయి. విమానం తప్పిపోతుందని వాటిని కదిలించలేదు. అంబులెన్సు రావడానికి నలభై నిమిషాలు పట్టింది.

పదకొండు రోజులు తెలివి రాలేదు. ఎండ మెదడును కాల్చిందని డాక్టరు చెప్పాడు. నడక, మాట ఎంతవరకు వస్తాయో చెప్పలేనన్నాడు.

*

గోపాలకృష్ణ వచ్చి వెళ్ళిన మర్నాడు పొద్దున స్టెల్లా చొక్కా బయటికి తీసింది. ఆస్పత్రి కవరులో ముద్దగా ఉంది. విదిలిస్తే ఎర్రమట్టి రాలింది. చెమట ఎండి చంకల దగ్గర, వీపు మీద తెల్లటి ఉప్పు చారలు. ముందు భాగం రెండు పలకలుగా తెరుచుకుంది. నర్సు కత్తెర తిన్నగా వెయ్యలేదు. కంగారులో కొంగ మెడ దగ్గర వంకర పోయింది.

కుట్టడం కష్టం కాదు. నీలం దారం రీలు పెట్టెలో ఉంది. లోపల సన్నటి గుడ్డ వేసి కలిపితే దగ్గరికొచ్చి చూసినా తెలియదు. సూది ఎక్కించింది కూడా. ఇంతలో అక్షయ ఏడ్చింది. పాలిస్తూ ఉంటే గుర్తొచ్చింది, ఉద్యోగానికి ఆధార్ జిరాక్సు ఇవ్వాలని. బిడ్డను చంకనేసుకుని ఫ్యాక్టరీకి బయల్దేరింది.

క్యాంటీన్ గోడకి పందొమ్మిది ఫోటోలు. క్లబ్బు చరిత్ర అంతా అక్కడే వేలాడుతోంది. ఎనభై ఏడు ఫోటో ముందు స్టెల్లా ఆగింది. మడత పెట్టిన చొక్కా రెండు చేతులా పట్టుకుని ఒక కొరియా ఆవిడ. వీపు మీద పసిబిడ్డను గుడ్డతో కట్టుకుంది. చుట్టూ మగవాళ్ళు చప్పట్లు కొడుతున్నారు. ఆవిడ కెమెరాని చూడటం లేదు. కింద తెలుగులో 'త్యాగానికి చిహ్నం' అని రాసి ఉంది.

"పాప బాగుంది?"

వెనక కోచ్ హాన్ గారు. అరవైకి దగ్గరపడ్డ మనిషి, ఎడమకాలు ఈడుస్తూ నడుస్తాడు. ఆయనకొచ్చిన తెలుగంతా మైదానంలో నేర్చుకున్నదే. ఆ రోజు మ్యాచ్ వద్దని 'ఎండ, ఎండ' అంటూ అందరి చుట్టూ తిరిగింది ఆయనొక్కడే. వచ్చే నెల ఆయన్ని వెనక్కి పంపించేస్తున్నారు.

"బాగుందండి. ఈవిడ మీకు తెలుసా?"

హాన్ గారు ఫోటో వైపు చూడకుండానే తలూపాడు. "నేను అక్కడ. చిన్న. ఇరవై ఏళ్ళు." చప్పట్లు కొడుతున్న ఒక మొహం మీద వేలు పెట్టాడు. "కెప్టెన్ రాత్రి పని. పగలు ఆట. పడిపోయాడు. తల, స్తంభం. చొక్కా మొత్తం రక్తం."

"తర్వాత?"

"కంపెనీ చెప్పింది, ఉతుకు. ఆమె ఉతికింది. చాలా బాగా ఉతికింది." మాట కోసం కాసేపు వెతుక్కున్నాడు. "తర్వాత ఆమె ఆఫీసుకు వెళ్ళింది. చెప్పింది, నా భర్త ఆటలో చనిపోయాడు, ఇంట్లో కాదు. కంపెనీ అడిగింది..." రెండు ఖాళీ అరచేతులు చూపించాడు. "రక్తం ఎక్కడ?"

స్టెల్లా బిడ్డను ఇంకొంచెం దగ్గరికి అదుముకుంది.

"నేను చప్పట్లు కొట్టాను," అన్నాడు హాన్ గారు. "ప్రతి సంవత్సరం కొట్టాను."

జిరాక్సు కాగితం ఆమె చేతిలోనే ఉండిపోయింది.

*

శనివారం పదింటికి క్యాంటీన్లో బల్లలు గోడకి జరిపారు. టీవీలో అయిదుగురు కొరియా పెద్దలు వరుసగా కూర్చుని కనిపిస్తున్నారు. రేకుల షిఫ్టు ఆపి అందర్నీ తెచ్చి నిలబెట్టారు. వంటవాళ్ళు, గిన్నెలు కడిగే ఆడవాళ్ళు చేతులు తుడుచుకుంటూ గోడ పక్కన నిలుచున్నారు. యేసుకుమార్‌ని ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టి మెడలో దండ వేశారు. తల ఊగుతుంటే దండ కూడా ఊగుతోంది. సంపూర్ణమ్మ కుర్చీ వెనక అక్షయను ఎత్తుకుని నిలబడింది.

గోపాలకృష్ణ మైకు అతని నోటి దగ్గర పెట్టాడు. "కుమార్, మన చరిత్ర ఒక్క లైను చెప్పు. చాలు."

యేసుకుమార్ మొహం వెలిగింది. ఇది అతనికి తెలిసిన పని. "పం... దొమ్మి... ది..." అని మొదలుపెట్టాడు. ఎనభై మూడు దాటాడు. బూట్లు ఆరు జతలు దాటాడు. చొంగ కారి దండ మీద పడింది. ఎనభై ఏడు దగ్గర నాలుక ఇరుక్కుపోయింది. "ఎన... భై... ఏడు. ఎన... భై... ఏడు." వెనక నిలబడ్డ కుర్రవాళ్ళలో ఒకడు కిసుక్కున నవ్వి, నోరు మూసుకున్నాడు.

"చాలు, చాలు, భేష్!" మైకు లాగేసుకున్నాడు గోపాలకృష్ణ. "అమ్మా స్టెల్లా, రా."

జాన్సన్ రెండు చేతులూ చాపి నిలబడ్డాడు. నిరుడు స్టెల్లా చేతి చేపల పులుసు తిని వెళ్ళినవాడు. ఆమె కళ్ళలోకి చూడటం లేదు.

స్టెల్లా ఆస్పత్రి కవరులోంచి చొక్కా తీసింది. మడత లేదు. భుజాల దగ్గర పట్టుకుని టీవీ వైపు ఎత్తింది. రెండు పలకలూ చెరోవైపు వేలాడాయి. ఎర్రమట్టి కొంచెం క్యాంటీన్ టైల్స్ మీద రాలింది. తెరుచుకున్న సందులోంచి ఆమె చీర కనిపిస్తోంది.

టీవీలో ఒక పెద్దాయన కళ్ళజోడు సవరించుకున్నాడు.

"ఏంటమ్మా ఇది?" గోపాలకృష్ణ నవ్వు మొహం మీద నుంచి దిగకుండానే, పళ్ళ మధ్య నుంచి అన్నాడు. "కుట్టమన్నానా లేదా?"

"కుట్టలేదండి."

"ఉతకలేదు కూడా."

"ఉతకనండి. ఫిట్సని రాసిన కాగితం కూడా తెచ్చా, చూసుకోండి. దాని మీద సంతకం లేదు."

"తొమ్మిది వేల ఉద్యోగం..." అని మొదలుపెట్టి, టీవీ గుర్తొచ్చి గొంతు తగ్గించాడు. "స్టెల్లా, నీకు చంటిపిల్ల ఉంది. ఆలోచించుకో."

సంపూర్ణమ్మ "అమ్మాయ్," అంది. అంతవరకే అంది. మనవరాల్ని ఈ భుజం మీంచి ఆ భుజం మీదికి మార్చుకుంది.

రేపు పాలపాకెట్టు ఎట్లాగో స్టెల్లాకి తెలియదు. చెయ్యి అలవాటుగా బిడ్డ నుదురు వైపు వెళ్ళబోయింది. చొక్కా వదలాల్సి వస్తుందని ఆగింది.

హాన్ గారు చప్పట్లు కొట్టడం లేదు. రెండు చేతులూ జేబుల్లో పెట్టుకున్నాడు. జాన్సన్ చాపిన చేతులు కొంచెం కొంచెంగా కిందికి దిగాయి.

గోపాలకృష్ణ ఆడవాళ్ళ వైపు తిరిగాడు. "పర్లేదు, పర్లేదు. అమ్మా, ఎవరి దగ్గరైనా నాలుగు పిన్నీసులుంటే ఇటివ్వండి. ఫోటో వరకు బిగించేద్దాం."

గోడ పక్కన పద్నాలుగు మంది ఆడవాళ్ళు. గాజులకి, గొలుసులకి, పైట మడతలకి పిన్నీసులు లేని మనిషి వాళ్ళలో లేదు. ఎవరి చెయ్యీ కదల్లేదు.

"పిన్నీసులమ్మా. ఒక్కళ్ళ దగ్గరా లేవా?"

టీవీలో పెద్దలు ఎదురుచూస్తున్నారు. చొక్కా ఎత్తి పట్టుకున్న స్టెల్లా చేతులకి గాజులు మోచేతుల దాకా జారాయి. వాటికి మూడు పిన్నీసులు వేలాడుతున్నాయి. గదిలో అందరికీ కనిపిస్తున్నాయి.