కింది నుంచి వచ్చే బంతి

బంతి క్యాచర్ తొడుగులో పడగానే లిడియా వీడియో ఆపింది. కాస్త వెనక్కి తిప్పి మళ్ళీ చూసింది. నేరుగా వచ్చిన వేగపు బంతి, బ్యాటర్ మోకాలి ఎత్తున, బయటివైపు, స్ట్రైక్. అలాంటివి మూడు పడితే బ్యాటర్ ఔట్. వివరాలు నమోదు చేసి తరవాతి బంతికి వెళ్ళింది. నిన్న యోకొహామాలో జరిగిన ఆట అది. రెండు జట్లవీ కలిపి ఒక ఆటకు మూడు వందల బంతుల దాకా ఉంటాయి. ఏడున్నరకు కూర్చున్న మనిషి ఎనిమిదిన్నరకల్లా నూట పది బంతులు పూర్తి చేసింది.

బెంగళూరు బ్రూక్‌ఫీల్డ్‌లో ఒక అద్దాల మేడ, నాలుగో అంతస్తు. పద్నాలుగు మంది ఆ గదిలో కూర్చుని జపాన్‌లో జరిగే బేస్‌బాల్ ఆటలను బంతి బంతికీ విడదీసి రాస్తారు. పిచర్ విసిరింది ఏ రకం బంతి, ఎక్కడ దాటింది, బ్యాటర్ ఏం చేశాడు. ఆ వివరాలు టోక్యోలోని కంపెనీకి, అక్కణ్ణుంచి జట్ల శిక్షకులకు వెళ్తాయి. పద్నాలుగు మందిలో పదమూడు మంది ముప్పై ఏళ్ళ లోపు వాళ్ళు. లిడియాకు యాభై మూడు.

పొట్టి మనిషి. భుజాలు మాత్రం వెడల్పు. కుడి భుజం ఎడమదానికన్నా వేలెడు కిందికి దిగి ఉంటుంది. నెరిసిన జుట్టు గట్టిగా లాగి ముడి వేసుకుంటుంది. ఏసీ చలికి చీర మీద మగవాళ్ళ స్వెట్టరు తొడుక్కుంటుంది. కుడిచేతి చూపుడువేలు చివరి కణుపు దగ్గర వంకర తిరిగి ఉంటుంది. అనంతపురంలో కాలేజీ తరఫున సాఫ్ట్‌బాల్ ఆడే రోజుల్లో బంతి తగిలి విరిగిన వేలు అది. సరిగ్గా అతకలేదు. అప్పట్లో ఆమె జట్టుకు బంతి విసిరేది. సాఫ్ట్‌బాల్‌లో చెయ్యి కింది నుంచి తిప్పి విసరాలి. గోడకు బొగ్గుతో గీసిన చదరానికి రోజుకు రెండు వందల బంతులు విసిరిన చెయ్యి అది.

ఆ తరవాత మారతహళ్ళిలో ఒక బడిలో పందొమ్మిదేళ్ళు ఆటల టీచరుగా పనిచేసింది. ఆడపిల్లలకు సాఫ్ట్‌బాల్ నేర్పింది. బడివాళ్ళు మైదానంలో కొత్త మేడ కట్టి, ఇక వరండాలోనే వ్యాయామం చేయించమన్నారు. "వరండాలో కవాతు చేయిస్తారు, ఆట కాదు" అని చెప్పి ఆమె పిల్లల్ని రైలు కట్ట పక్క ఖాళీ జాగాకు తీసుకుపోయి ఆడించింది. మరుసటి ఏడాది ఆటల టీచరు అవసరం లేదన్నారు.

నలభై ఏడేళ్ళ వయసులో ఇంటర్వ్యూకు వస్తే దీపక్ ఒక్కడే ఆమె మాట విన్నాడు. ఒంగోలు నుంచి వచ్చిన కుర్రవాడు, ఈ గదికి పెద్ద. తెర మీద ఒక బంతి చూపించి ఇదేమిటని అడిగాడు. ఆమె నోటితో చెప్పకుండా కుర్చీలోంచి లేచి, కొంగు దోపుకుని, ఆ బంతికి మణికట్టు ఎలా తిరగాలో విసిరి చూపించింది. ఆ సాయంత్రమే ఉద్యోగం ఇచ్చాడు.

ఆరేళ్ళలో ఆమెకు పన్నెండు జట్లూ చుట్టాల ఇళ్ళంత పరిచయమయ్యాయి. హన్షిన్ టైగర్స్ ఆడే కోషియెన్ మైదానం లోపలి భాగమంతా నల్లమట్టే, గడ్డి ఉండదు. యాకుల్ట్ స్వాలోస్‌కు పరుగు వస్తే అభిమానులు చిన్న గొడుగులు విప్పి ఆడిస్తారు. హిరోషిమా కార్ప్ వాళ్ళవి ఎర్రటోపీలు. అందరికన్నా ఆమెకు బాగా తెలిసినవాడు ఆ ఎర్రటోపీల రెండో జట్టులో ఒకడున్నాడు. పేరు ఉరబె. పదిహేడేళ్ళుగా ఆడుతూ పెద్ద జట్టులో నలభై ఆటలైనా ఆడనివాడు. కొండల మధ్య ఉన్న యూ అనే చోట, కొద్దిమంది చూసే మైదానంలోనే అతని ఆయుష్షు గడిచింది.

ఉరబె బంతిని పై నుంచి విసరడు. నడుం వంచి, వేళ్ళు నేల గీరుకునేంతగా చెయ్యి దించి, కింది నుంచి విసురుతాడు. మొదటిసారి చూసినప్పుడు లిడియా వీడియో ఆపి పైకే నవ్వింది. 'కింది నుంచి విసరడం ఆడపిల్లల ఆట' అని బడిలో ఎంతమంది అన్నారో ఆమెకు గుర్తుంది. తెర మీద మీసాలున్న మగవాడు అచ్చం అలాగే విసురుతున్నాడు. ఆనాటి నుంచి అతని ఆట వస్తే మరెవరికీ ఇవ్వకుండా తానే తీసుకునేది.

ఇవాళ అతనికి ఆఖరి ఆట. ఈ సంగతి ఇంట్లో అమ్మకూ తెలుసు. కృపమ్మకు ఎనభై ఒకటి. పొద్దున లిడియా చెప్పులు వేసుకుంటుంటే మంచం మీద నుంచి అడిగింది.

"ఆ ముసిలోడు ఈ పొద్దు ఆడతాడా?"

"ముప్పై తొమ్మిదేండ్లకే ముసిలోడేందిమా? ఆడతాడు. ఇదే ఆఖరంట."

"అట్లయితే సరిగ్గా రాయి. మీ నాయన చర్చి పుస్తకంలో రాసినట్ల రాయి. బాప్తిస్మమైన బిడ్డ పేరు గానీ, సమాధైనోళ్ళ పేరు గానీ ఒక్కటి తప్పిపోనీలేదు ఆయప్ప."

ఎనిమిదీ ముప్పావుకు దీపక్ అందరినీ లేపి నిలబెట్టాడు. కొత్త సాఫ్ట్‌వేరు వచ్చింది. ఇక బంతుల్ని అదే గుర్తుపడుతుంది. ఇవాళ దానికి పరీక్ష. అది రాసినదాన్ని చూసి ఒప్పుకోవడమే మనుషుల పని. నూటికి తొంభై ఎనిమిది మార్చకుండానే సరిపోవాలి. ఎక్కడైనా మార్చితే కారణం రాయాలి. చెబుతున్నంతసేపూ అతను నేల చూపులు చూశాడు.

తొమ్మిదికి యూ మైదానంలో ఆట మొదలైంది. అక్కడ అప్పుడు మధ్యాహ్నం పన్నెండున్నర. ఎదుటి జట్టు హన్షిన్ వాళ్ళ రెండో జట్టు. సాఫ్ట్‌వేరు చకచకా రాస్తోంది, లిడియా ఒప్పుకుంటూ పోయింది. తప్పు పట్టడానికేమీ కనబడలేదు. దాని పనితనం చూసి ముచ్చటపడింది కూడా.

ఆరో ఇన్నింగ్స్‌లో ఉరబె వచ్చాడు. మోకాలికి కట్టు. టోపీ సర్దుకుని, వంగి, మొదటి బంతి వేశాడు. గంటకు ఎనభై ఎనిమిది కిలోమీటర్లు. పైకి లేచి, గాల్లో ఆలోచించుకున్నట్టు ఆగి, బ్యాటర్ నడుము దగ్గర జారిపోయింది. అంపైరు చెయ్యెత్తాడు. స్ట్రైక్.

సాఫ్ట్‌వేరు రాసింది: 'ఆటలో లేని బంతి.'

లిడియా కళ్ళద్దాలు సర్దుకుని మళ్ళీ చదివింది. ఆమెకు వెంటనే అర్థమైంది. ఇంత నెమ్మదిగా, ఇంత కింది నుంచి వచ్చే బంతిని అది నేర్చుకోనే లేదు. క్యాచర్ తిరిగి పిచర్‌కు అందించే బంతి లాంటిదనుకుని పక్కన పారేసింది. ఆమె దాన్ని కొట్టేసి 'నెమ్మది కర్వ్, స్ట్రైక్' అని మార్చింది. కారణం అడిగిన చోట రాసింది: 'పిచర్ విసిరాడు. నేను చూశాను.'

మూడో బంతీ అంతే. ఐదోదీ అంతే. ఉరబె ఇవాళ ఆ బంతినే నమ్ముకున్నాడు. ఒక బ్యాటర్ మూడో స్ట్రైకుకు బ్యాటు ఊపి, గాలిని కొట్టి, తల అడ్డంగా ఆడిస్తూ వెళ్ళిపోయాడు. సాఫ్ట్‌వేరు లెక్కలో అతను రెండు స్ట్రైకులకే ఎందుకో విసుగుపుట్టి వెళ్ళిపోయాడు. లిడియా దాన్ని కూడా మార్చింది. తెర అంచున ఎర్రగుర్తు వెలిగింది. దీపక్ వచ్చి పక్కన నిలబడ్డాడు.

"మేడమ్, మీ ఫైల్‌లో కంటిన్యూగా ఓవర్‌రైడ్స్ వస్తున్నాయి."

"ఆయప్ప బంతి వేస్తుండాడు. మిషను వెయ్యలేదంటుండాది. నన్నేం రాయమంటావప్పా?"

"క్లయింట్ లైవ్‌లో చూస్తున్నాడు మేడమ్. యాక్సెప్ట్ కొట్టేయండి, ప్లీజ్. సెకండ్ టీమ్ మ్యాచ్ ఇది. ఎవరు చూస్తారు?"

"నేను చూస్తుండాను కదప్పా."

దీపక్ వంగి గొంతు తగ్గించాడు. "రివ్యూకి ముగ్గురినే ఉంచుతున్నారు. ఆ లిస్ట్‌లో మీ పేరు నేనే ఫైట్ చేసి పెట్టించాను. ఈ ఒక్క ఫైల్ వల్ల పోతుంది మేడమ్."

అతను అబద్ధం చెప్పడం లేదని ఆమెకు తెలుసు. యాభై మూడేళ్ళ ఆటల టీచరుకు ఈ ఊళ్ళో మరో కుర్చీ దొరకదనీ తెలుసు. ఇంట్లో మంచం మీద అమ్మ ఉంది. స్వెట్టరు చేతులు పైకి లాక్కుంది. తెర మీద ఉరబె మళ్ళీ వంగాడు. చేతివేళ్ళ దగ్గర చిన్న దుమ్ము లేచింది. నెమ్మది బంతి. బ్యాటర్ కదల్లేదు. స్ట్రైక్.

'ఆటలో లేని బంతి.'

లిడియా దాన్ని మార్చి, కారణం రాసి, అప్పుడు దీపక్ వైపు తిరిగింది.

"అయితే నా పేరు తీసెయ్యి. ఆయప్పది మాత్రం నేను తియ్యను."

గదిలో మీటల చప్పుడు ఆగింది. పదమూడు తలలు ఇటు తిరిగాయి. దీపక్ తన బల్ల దగ్గరికి వెళ్ళిపోయాడు.

ఏడో ఇన్నింగ్స్‌లో రెండో బ్యాటర్ ఉరబెను గట్టిగా కొట్టాడు. బంతి ఇద్దరు ఫీల్డర్ల మధ్య నుంచి గోడదాకా దొర్లింది. పిచర్‌ను మార్చడానికి జట్టు మేనేజరు నడిచి వచ్చి చెయ్యి చాపాడు. ఉరబె అతని చేతిలో బంతి పెట్టి, టోపీ తీసి, మైదానం వైపు ఒకసారి తల వంచి, గీత దాటి లోపలికి వెళ్ళిపోయాడు. చప్పట్లు వర్షం వెలిసేటప్పటి చినుకుల్లా పలచగా వినిపించాయి. కొత్త పిచర్ వచ్చాడు. సాఫ్ట్‌వేరు మళ్ళీ తప్పులేకుండా రాయడం మొదలుపెట్టింది. ఉరబె వేసినవి మొత్తం ఇరవై తొమ్మిది. అందులో లిడియా నిలబెట్టినవి పదకొండు.

రెండు గంటలకు టోక్యో నుంచి జవాబు వచ్చింది. దీపక్ స్వయంగా వచ్చి ఆమెకు చదివి వినిపించాడు. పదకొండూ సరైనవేనట, రికార్డులో అలాగే ఉంచుతారట. మిగతా ఫైళ్ళు బాగున్నాయి కాబట్టి సోమవారం నుంచి సాఫ్ట్‌వేరే పనిచేస్తుందట. రివ్యూకు మిగిలిన ముగ్గురి పేర్లలో లిడియా పేరు లేదు.

"సారీ మేడమ్. నేను చెప్పి చూశాను. పైవాళ్ళు వినలేదు."

"నువ్వు నన్ను తీసుకున్నోడివి. నీ మీద నాకు కోపం లేదప్పా. ఆ పదకొండు ఉంటాయి కదా?"

"ఉంటాయి మేడమ్."

"చాలు."

గుర్తింపు కార్డు మెడలోంచి తీసి అతని చేతిలో పెట్టింది. సంచీ సర్దుకుంటుంటే సుజాత వచ్చింది. ఆ ముగ్గురిలో ఒకతె. కోలారు పిల్ల.

"మేడమ్, సోమవారం నుంచి నేనే చూడాల. అట్లాంటి బంతి ఇంగెవరైనా వేస్తే నాకెట్ల తెలిసేది?"

లిడియా ఆమెను ఎగాదిగా చూసింది. సంచీ కింద పెట్టింది. బల్ల మీది కాగితాలు రెండు నలిపి ఉండచేసి, కుర్చీల మధ్య దారిలో నిలబడి, కొంగు నడుముకు దోపింది.

"బంతిని చూడొద్దు. భుజాన్ని చూడు. భుజం అబద్ధం చెప్పదు."

ఎడమకాలు ముందుకు వేసి వంగింది. మోకాళ్ళు కటకటలాడాయి. చెయ్యి వెనక్కి వెళ్ళి, కిందికి దిగి, వంకరవేలు నేలమీది తివాచీని రాసుకుంటూ ముందుకు వచ్చింది. కాగితపు ఉండ పైకి లేచి, లైటు కింద ఆగినట్టే ఆగి, గది చివర అద్దం తలుపుకు తగిలి పడింది. ఎవరో చప్పట్లు కొట్టారు. లిడియా కొట్టినవాళ్ళ వైపు చూడలేదు.

"ఈసారి నువ్వు వెయ్యి" అంది సుజాతతో.

సుజాత మూడుసార్లు వేసింది. మూడోసారికి భుజం సరిగ్గా దిగింది. లిడియా తల ఊపి, సంచీ భుజాన వేసుకుని, లిఫ్ట్ కోసం ఆగకుండా మెట్లు దిగి వెళ్ళిపోయింది.

సాయంత్రం ఊడవడానికి వచ్చిన బాలమ్మ లిడియా కుర్చీ పక్కకు జరిపింది. బల్ల కింద, పాత చీరముక్క చుట్టి గట్టిగా కుట్టిన ఇటుక ఒకటి ఉండిపోయింది. కుర్చీలో కూర్చుంటే కాళ్ళు నేలకందని మనిషి ఆరేళ్ళు పాదాలు ఆనించిన చోట గుడ్డ అరిగిపోయి, ఎర్రటి ఇటుక బయటికి కనిపిస్తోంది.